కొక్కెం పట్టుకున్న ప్రయాణికుడు

తమ్ముడూ యాదగిరీ,

యాకుత్‌పురాలో బస్తాలు దించడానికి నువ్వెక్కిన లారీ బోల్తాపడిన మూడేళ్లకు, ఇవాళ కోర్టు నీకు కొత్త పేరు పెట్టింది: ఉచిత ప్రయాణికుడు. ఉచితంగా ఎక్కినవాడి చావుకు బీమా కంపెనీ పూచీ లేదట. హమాలీ లేకుండా బస్తాలు తమంతట తామే దిగుతాయా?

ముంచింది డ్రైవర్ ఖాదర్ మర్యాద. సాక్ష్యం రోజున కంపెనీ వకీలు, కిరాయి తీసుకున్నావా అని అడిగాడు. "యాదన్న నా దోస్త్ సాబ్, గాయన దగ్గర పైసలు తీసుకుంటనా?" అన్నాడు ఖాదర్. వకీలుకు ఆ మాటే చాలింది.

అప్పుడే నీ భార్య లక్ష్మి, నువ్వు బస్తాలు లాగే కొక్కెం బల్లమీద పెట్టింది. "ఊరికె పొయ్యెటోడు గిది పట్టుకపోతడా సార్?"

ఆ ప్రశ్న తీర్పులో ఎక్కడా లేదు. అప్పీలు నేను రాస్తున్నాను. మొదటి వాక్యం ఆమెదే.

నీ అన్న