నేనిచ్చిన బుధవారం

జహనుమా,
30-11-74

చి.ల.సౌ. హైమవతికి,

నేను క్షేమం. ఇంటివాళ్లు లీలమ్మగారూ పిల్లలూ బాగున్నారు. నీ ఉత్తరం నిన్న సాయంత్రం అందింది. జ్వరం తగ్గిందని రాశావు. ముందు ఆ ముక్క చదివి, తర్వాత మిగతాది చదివాను.

అడిగినవాటికి వరసగా జవాబు రాస్తాను. కిరసనాయిలు దొరుకుతోంది. వంట నేనే చేసుకుంటున్నాను. రాత్రిపూట లీలమ్మగారు చారు పంపుతున్నారు. ఉస్మాన్‌గంజ్‌లో కొన్న ఉయ్యాల గొలుసులు తిరిగి ఇచ్చేయమన్నావు. కొట్టు దాకా వెళ్లాను, ఇవ్వలేక తెచ్చేసుకున్నాను. అటక మీద పెట్టాను. నీ కంటబడవు.

ఇక ఆఖరి ప్రశ్న. టెలిగ్రాం బుధవారం పొద్దునే వచ్చిందని లీలమ్మగారు మీ అన్నయ్యతో చెప్పారన్నావు. నిజమే. ఆలస్యంగా అందిందని మీ ఇంట్లో నేను చెప్పింది అబద్ధం. ఆ రోజంతా ఎక్కడున్నానో చెబితే తప్ప ఈ ఇంటికి రానన్నావు. జరిగింది జరిగినట్టు రాస్తాను. నమ్మడం నీ ఇష్టం.

మంగళవారం సాయంత్రం కార్వాన్ వెళ్లాను. అక్కడ స్ఫటికాలు సానబట్టేవాళ్ల సంఘం ఒకటి ఉంది. ఒకరి రోజును రాయిలోకి తీసి ఇంకొకరికి ఇస్తారని చుట్టుపక్కల చెప్పుకుంటారు. మోసమైతే పేపర్లో బయటపెడదామని వెళ్లాను. సంఘం పెద్ద మొగులయ్య నన్ను ఆపలేదు.

"కూసో సార్. ఏమన్న రాసుకో. ఫోటో గిట్ల దించకు, రాయి బెదురుతది" అని నవ్వాడు.

అంతలో కాశమ్మ అనే ఆమె వచ్చింది. ఆమె భర్త గుండయ్య రాళ్లు కొట్టే మనిషి. రాత్రి గడవదని చెప్పి ఆస్పత్రి నుంచి ఇంటికి పంపేశారట. కొడుకు షోలాపూర్ మిల్లు నుంచి బయల్దేరాడు, మర్నాటికి గానీ చేరడు.

"ఒక్క దినం ఇప్పియ్యి అన్నా. కొడుకు మొఖం జూసి పోతడు."

"నీది ఆదివారమే ఇస్తివి గదా కాశమ్మా. మనిషికి ఒక్కపారే. మల్ల రాదు."

"నాది కాదే, ఎవరన్న ఇస్తరేమో అడుగు."

అక్కడున్నవాళ్లు తలలు దించుకున్నారు. మొగులయ్య అరచేతిలో స్ఫటికం పెట్టుకుని నా వైపు తిరిగాడు. ఆ ప్రశ్న తాతల కాలం నుంచీ ఉర్దూలోనే అడుగుతారట.

"అప్నా కల్ దేతే క్యా?"

నీ కల్ ఇస్తావా అని. కల్ అంటే నిన్న అనుకున్నాను, అంటే సోమవారం. సోమవారం నేను రాసిన వార్త అచ్చయి ఉంది. ఆ రోజు నాకు గుర్తుంటే మోసం తేలిపోతుంది. గుర్తు లేకపోతే పేపరు చూసుకుంటాను. పోయేదేముంది?

"దేతా హూఁ" అన్నాను.

రాయి నా చేతిలో పెట్టి తీసుకున్నారు. అంతే. కాశమ్మ నా చేతులు రెండూ పట్టుకుంది. "నీ కడుపు సల్లగుండ బిడ్డా" అంది.

ఇంటికొచ్చాను. సోమవారం మొత్తం గుర్తుంది. మోసమేనని తేల్చుకుని, పాలు కాచి పెట్టి, తలుపు గడియ వేసుకుని పడుకున్నాను.

లేచేసరికి గురువారం.

నాకు గడిచింది ఒక్క రాత్రే. గిన్నెలో పాలు మాత్రం విరిగి వాసన వేస్తున్నాయి. తలుపు కింద టెలిగ్రాం ఉంది. ఆడపిల్ల పుట్టింది, ప్రమాదంగా ఉంది, వెంటనే రండి. దాని మీద ముందురోజు ముద్ర. లీలమ్మగారు బుధవారం తలుపు కొట్టి కొట్టి కిటికీలోంచి చూశారట. "పక్క పరిచే ఉన్నది, మీరు లేరు. లోపట గడియ ఎట్ల పడ్డదో నాకైతే సమజ్ గాలే" అన్నారు.

బుధవారం పొద్దున బస్సెక్కితే రాత్రికల్లా గుంటూరు చేరేవాణ్ని. పాప గురువారం తెల్లవారుజాము దాకా ఉంది. మీ నాన్నగారు పొద్దెక్కేదాకా నా కోసం ఆగి, ఇక ఆగలేక తీసుకెళ్లారు. నేను వచ్చేసరికి నువ్వు గోడ వైపు తిరిగి పడుకున్నావు.

తిరిగొచ్చాక కార్వాన్‌లో విచారించాను. గుండయ్య బుధవారం లేచి కూర్చున్నాడు. కొడుకుతో మాట్లాడాడు. చాయ్ తాగి, చక్కెర తక్కువైందని కాశమ్మను తిట్టాడు. ఆ రాత్రి పోయాడు. ఇరుగుపొరుగువాళ్లను విడివిడిగా అడిగాను. అందరూ ఇదే చెప్పారు.

మొగులయ్యను నిలదీశాను. నేనిచ్చింది నిన్నటి రోజన్నాను. అతను నన్ను వింతగా చూశాడు.

"నిన్నటిదా? గడిచిన దినంతోని మనిషెట్ల బతుకుతడు సార్? కల్ అంటే రేపు గూడ గదా!"

నాకు తెలియనిది కాదు. కూరలవాడు "కల్ ఆతా" అని వెళితే మర్నాడు సంచీ పట్టుకుని నిలబడేవాణ్నే కదా. ఆ క్షణంలో తట్టలేదు.

పాప సంగతి చెప్పాను. అతను రాతి మీది చెయ్యి తీసేసి, "అయ్యో, గిదేంది సార్" అన్నాడు. కాశమ్మకు మేమిద్దరం చెప్పలేదు. నువ్వు ఇక్కడికి వచ్చినా చెప్పకు.

నేను లేచి వస్తుంటే ఇంకో మాటన్నాడు. గడిచిన రోజును కూడా తీయవచ్చట. బతకడానికి పనికిరాదు, చూసుకోవడానికి పనికొస్తుంది. ఆ బుధవారం పాప దగ్గర ఉన్నది నువ్వు. నువ్విస్తే ఆ రోజు నాకు వస్తుంది, నీలోంచి పోతుంది. పాప ముఖం నీకు గుర్తుండదు. ఆ బాధా ఉండదు. అది నేను మోస్తాను.

ఇది నిన్ను అడగడానికే ఈ ఉత్తరం మొదలుపెట్టాను. ఇక్కడిదాకా వచ్చాక అడగలేకపోతున్నాను. నీ దగ్గర ఉన్నది ఆ ఒక్క రోజే. ఇవ్వకు హైమా. ఎవరడిగినా ఇవ్వకు.

ఆ రాయి మనకొద్దు. నువ్వే రాయి. పాప ఏడ్చిందా? కళ్లు తెరిచిందా? జుట్టు ఉందా? వేలు అందిస్తే పట్టుకుందా? ఎవరి పోలిక?

ఇట్లు,
పాప నాన్న,
శ్రీహరిరావు