తలంబ్రాల కాడ నవ్వు

శనివారం, రాత్రి

పోయినేడు మేము వీడియో తీసిన పెళ్లికూతురి నాయన చక్రాయపేట నుంచి ఈరోజు షాపుకు వచ్చినాడు. ఆ పిల్ల పోయిన నెల కాన్పులో చనిపోయిందంట.

"వీడియోలో యాడ చూసినా తల వంచుకొనే ఉందప్పా. తలంబ్రాల కాడ నవ్విందంట, నేను చూళ్లేదు. మీరు తీసేసిన ముక్క ఉంటే ఇయ్యప్పా," అన్నాడు.

పెళ్లికూతురు అట్లా నవ్వితే బాగుండదని మగపెళ్లివాళ్లే తీసేయమన్నారు. మా ఆయన హైదరాబాదులో ఆరేళ్లు సీరియళ్లు ఎడిటింగ్ చేసి వచ్చిన మనిషి, అతుకు కనపడకుండా తీసేసినాడు. ఇంకో పెళ్లికి డిస్కులో జాగా కావాలని మిగిలిన ముక్కలన్నీ తుడిచేసింది నేను.

"నేనే తుడిచేసినా మామా," అన్నాడు మా ఆయన, తల ఎత్తకుండా.

"పోనీలే అప్పా. నీకేం తెలుసు, ఇట్లయితాదని," అని పెద్దాయన లేచినాడు.

తుడిచే ముందు ఆ ముక్క నేను చూసినాను. తలంబ్రాల బియ్యం పెద్దాయన మీసాల్లో చిక్కుకుంటే, అది చూసి నవ్వింది ఆ పిల్ల. మా ఆయనకు గుర్తు లేదు, ఎన్ని పెళ్లిళ్లని గుర్తుంటాయి. ఈరోజు పెద్దాయన అడుగుతున్నంతసేపూ నేను టీ గ్లాసు పట్టుకొని షాపులో తెర వెనకే నిలబడినాను. కొత్తవాళ్ల ముందు నాకు నోరు పెగలదు. పెద్దాయన బస్టాండు వైపు మళ్లిపోయినాడు.

ఆయన ఫోన్ నంబరు షాపు పుస్తకంలో ఉంది. పొద్దున చేయాలి. ఎత్తితే ఏమని మొదలుపెట్టాలో...