లెక్కల బీరువాలో చిక్కిన మా డిజైన్లు

దిల్‌సుఖ్‌నగర్.

శ్రీ మార్కండేయ పౌర గ్రంథాలయ కార్యదర్శి గారి సముఖమునకు, గడ్డిఅన్నారం నివాసి, చీరల దుకాణదారు గంజి బిక్షపతి వ్రాసుకొను అర్జీ.

అయ్యా,

విషయం: లెక్కల బీరువాలోని పోచంపల్లి చీరల డిజైన్ కాగితాలను చిత్తుకు వేయకుండా ఆపి, నేతవాళ్ల వరుసలో పెట్టించుట గురించి.

1. మా నాయిన మట్టయ్య గారు గళ్ల కాగితాలపై గీసిన రెండు వందల పన్నెండు డిజైన్లను నిరుడు తమ గ్రంథాలయానికి సమర్పించుకున్నాము. ఫారంలో 'విషయం' అన్నచోట 'లెక్కలు' అని నింపిన మహానుభావుడను నేనే. గళ్లు చూసి పరాచికమాడితిని. పదో తరగతి లెక్కల్లో మూడుసార్లు తప్పినవాని మాటను ఒక కార్యాలయం నమ్ముట అదే మొదలు.

2. తత్ఫలితముగా కోచింగ్ పిల్లలు వాటి వెనుక రఫ్ వర్క్ చేయుచున్నారు. ఏనుగుల అంచు వెనుక ఎవరో రైలు వేగం కట్టినారు. అదీ తప్పేనని ఇంకెవరో ఎర్రపెన్నుతో కొట్టినారు.

3. దిద్దమని లైబ్రేరియన్ సీతామహాలక్ష్మి గారిని వేడుకొనగా, "కార్డు మార్చాలంటే రచయిత పేరు కావాలండీ, ఒక్కరిదే" అన్నారు. మా అమ్మ భూలక్ష్మి నా పక్కనే ఉన్నది.

"గీసింది మా ఆయన, రంగు అంటొద్దన్న కాడ నూలుకు ముడులు కట్టింది నేను, నేసింది మా బావ. ఒక్కని పేరెట్ల రాస్తరమ్మా?"

"పోనీ, అక్షరక్రమంలో పెడదామండీ."

"నాకు అక్షరాలు రావు బిడ్డా. ఒక్క రంగుల ముంచేటివి కింద, రెండు రంగులవి వాటి మీద, మూడు రంగులవి అన్నిటికంటె పైన. మా ఇంట్ల గట్లనే ఉండె. కండ్లు మూసుకొని తీస్తుంటి."

"ఆ వరుసకి మా దగ్గర నంబరు లేదండీ" అని ఆమె నిజంగానే బాధపడినారు.

4. అసలు పరేషాన్ ఇది. పాత లెక్కల పుస్తకాల బీరువా మొత్తం వచ్చే శనివారం చిత్తుకాగితాల కొట్టుకు పోవునని నోటీసు అంటించినారు. నాయిన లేరు. ఏ గడికి ఏ ముడి అన్నది తెలిసిన చేతులు అమ్మవి మాత్రమే, అవి వణుకుచున్నవి. నేను చీరలు మడతపెట్టగలను, కొనేవారికి లేని కథలు చెప్పగలను. డిజైన్ చదవలేను.

కావున శనివారంలోపు ఆ కాగితాలను బయటికి తీయించి, ఒక ఖాళీ అరలో, అమ్మ చెప్పిన వరుసలో, ముగ్గురి పేర్లతో పెట్టించ ప్రార్థన. శిక్ష ఏదైనా నాకే వేయవచ్చును. చిత్తగించవలెను.

తమ విధేయుడు (ఈ ఒక్కసారికి),
గంజి బిక్షపతి

తా.క.: అర్జీ చదివి వినిపించితే అమ్మ అన్నది: "అర ఇస్తే సరిపోతదారా? చదివేటోడు ఒకడుండాలె గద. నువ్వే కూసో."
సార్, జర రెండు కుర్చీలు వేయించుండ్రి.