రాజ్‌కోట్‌లో మధ్యాహ్నం ఆట

ఏప్రిల్ 22, మంగళవారం

నా గుజరాతీ సినిమా ఆటల షెడ్యూల్ వచ్చింది. అహ్మదాబాద్‌లో సాయంత్రం ఏడింటికి. సూరత్‌లో రాత్రి తొమ్మిదింటికి. రాజ్‌కోట్‌లో మధ్యాహ్నం ఒకటిన్నరకి, అదొక్కటే షో.

ముందు నవ్వొచ్చింది. తర్వాత ఒళ్లు మండింది.

రాజ్‌కోట్ మధ్యాహ్నం పడుకుంటుంది. ఒంటిగంటకి షట్టర్లు దిగితే నాలుగింటిదాకా ఊళ్లో బ్లేడు కొనాలన్నా దొరకదు. మా పప్పా సంగతి చెప్పనే అక్కర్లేదు. సోనీ బజార్‌లో వెండి కొట్టు కట్టేసి వస్తారు, పప్పు, అన్నం, రొట్టెలు తింటారు, గ్లాసుడు మజ్జిగ తాగుతారు, ఉయ్యాల బల్ల మీద వాలతారు. ఇక ఇంట్లో చెంచా కింద పడకూడదు. నాలుగింటికి మమ్మీ టీ కప్పుతో వచ్చి, లేవండి, నాలుగైంది, అంటుంది. నాకు ఊహ తెలిసినప్పటి నుంచీ అదే మాట, అదే గొంతు. నా పెళ్లిచూపులు మధ్యాహ్నం రెండింటికి పెడదామన్నారని ఒక సంబంధాన్నే వద్దన్నారు పప్పా. ఆ ఒక్క విషయంలో ఆయన నిద్రకి నేను రుణపడి ఉన్నాను.

ఈ ఊరి మీద, ఈ ఊళ్లోనే తీసిన సినిమాని ఈ ఊరు నిద్రపోయే వేళకి వేశారు. సరే. చూద్దాం.

ఏప్రిల్ 23, బుధవారం

థియేటర్ మేనేజర్ కిరీట్‌సింగ్ బాపుని కలిశాను. సాయంత్రాలన్నీ పెద్ద హిందీ సినిమాకి పోయాయట, పొద్దుట ఇంగ్లిష్ డబ్బింగ్‌కట, మిగిలింది మీకిచ్చాను బెన్ అన్నారు. ఏదో చెల్లెలికి దానం చేసినట్టు.

వాళ్ల నాన్నగారికి గోండల్‌లో టాకీసు ఉండేదట. గుజరాతీ పిక్చర్ వచ్చిందంటే పల్లెల నుంచి బళ్లు కట్టుకుని, రొట్టెలు మూటగట్టుకుని జనం దిగేవాళ్లట. తెర మీద గుర్రం కనిపిస్తే చిల్లర విసిరేవాళ్లట. తర్వాత అవే తలపాగాలు, అవే గుర్రాలు, అవే ఏడుపులు చూసి చూసి మొహం మొత్తిందట. గుజరాతీ పిక్చర్ చూశామని చెప్పుకోడానికి పట్నంవాళ్లు సిగ్గుపడే రోజులొచ్చాయి, మా టాకీసు పెళ్లిళ్ల హాలైంది అన్నారు. ఇప్పుడు మీలాంటి పిల్లలు మళ్లీ తీస్తున్నారు, మంచిదే, కానీ ఇది అహ్మదాబాద్ కాదు, సోమ మంగళవారాల్లో జనాన్ని చూపించండి, రెండో వారం సంగతి బుధవారం మాట్లాడదాం అన్నారు. ఆదివారం జనం లెక్కలోకి రారట. ఆదివారం గోడ చూపించినా వస్తారట.

మోర్బీలో టైల్స్ ఫ్యాక్టరీ ఉన్న పరాగ్‌భాయ్ నా నిర్మాత. ఫోన్ చేశారు. జామ్‌నగర్, భావ్‌నగర్, జునాగఢ్ అన్నీ రాజ్‌కోట్ వైపే చూస్తున్నాయి జల్పాబెన్, ఇక్కడ వారంలో ఎత్తేస్తే అక్కడెవరూ తీసుకోరు, నేను మళ్లీ టైల్స్ చూసుకుంటాను, మీరు మళ్లీ బొంబాయి వెళ్లి హిందీ సీరియల్స్ రాసుకోండి అన్నారు.

నేను వెళ్లను. అత్తల చేత కోడళ్లని హిందీలో ఏడిపించింది చాలు.

ఏప్రిల్ 25, శుక్రవారం, సాయంత్రం

రిలీజ్. హాల్లో నేను, మా కెమెరామన్, వెనక వరసలో ఒక జంట, మధ్యలో ఒక మందుల రిప్రజెంటేటివ్. జంట తెర వైపు చూడలేదు. రిప్రజెంటేటివ్ బ్యాగు తలకింద పెట్టుకుని, ఏసీ బాగుంది అని నాతోనే చెప్పి పడుకున్నాడు.

ఏప్రిల్ 26, శనివారం

పొద్దుటి నుంచీ కాలికి బలపం కట్టుకుని తిరిగాను. పాన్ షాపుల్లో పోస్టర్లు, ఎఫ్ఎమ్‌లో ఇంటర్వ్యూ, ఎవరెవరి వాట్సాప్ గ్రూపుల్లోనో బతిమాలడాలు. ఒంటిగంటంపావుకి ఆటోకి మైకు కట్టించి మా పేట చుట్టూ తిప్పాను. రెండో సందులో ఒకాయన బనీను మీద బాల్కనీలోకి వచ్చి, ఎవరు పోయారని ఇంత గోల అని అరిచి చెప్పు విసిరాడు. గురి మంచిది. మైకుకే తగిలింది.

ఇంటికొస్తే పప్పా లేచి కూర్చుని ఉన్నారు. నిద్ర పాడైన మొహం. ఆ మైకు నీదేనా అన్నారు. నాదే అన్నాను. గుజరాతీ పిక్చర్ ఎవరు చూస్తారే ఈ కాలంలో, పల్లెటూరివాళ్లు కూడా చూడరు, దానికోసం ఊరందరి శాపనార్థాలు నాకెందుకు అన్నారు.

నా సినిమాలో గుర్రం లేదు పప్పా, కారుంది, అన్నాను. వినిపించుకోలేదు.

కథ ఆయనకి చెప్పనేలేదు నేను. లలిత అని యాభై దాటిన ఆడమనిషి. మొగుడికి తెలియకుండా డ్రైవింగ్ నేర్చుకుంటుంది. ఒకరోజు ఒక్కతే కారేసుకుని జస్‌దణ్‌లోని పుట్టింటికి బయల్దేరుతుంది. ఆట్‌కోట్ దగ్గర రోడ్డు చీలే చోట కారు ఆపేస్తుంది. ముందుకు పోతుందా, వెనక్కి తిప్పుతుందా? ఆ చివరి ఇరవై నిమిషాల కోసమే మిగతా సినిమా అంతా తీశాను.

ఏప్రిల్ 27, ఆదివారం, మధ్యాహ్నం రెండున్నర

ఇది ఇప్పుడే రాసేయాలి.

ఏడుపు మొహంతో ఇంట్లోనే ఉండిపోయాను. దాహమేసి వంటింట్లోకి వెళ్తే వెనక తలుపు తీసి ఉంది. పెరటి వసారాలో మమ్మీ, పక్కింటి పిన్ని భానుమాసీ, ఇంకో ముగ్గురు. గిల్టు నగలకి రాళ్లు అంటిస్తున్నారు, కూలికి జాబ్‌వర్కు. గుసగుసగా నవ్వుకుంటున్నారు. మధ్యలో పల్లెంలో మామిడికాయ ముక్కలు, ఉప్పూ కారం.

పప్పాతో పాటు నువ్వూ పడుకుంటావనుకున్నానే అన్నాను. ఇన్నేళ్లూ అలాగే అనుకున్నాను, నిజంగా. చిన్నప్పుడు పడుకోమని నన్ను గదిలోకి తోసేసి తలుపేసేది, అంతవరకే నాకు తెలుసు.

మమ్మీ తలెత్తకుండా అంది, ఆయన పడుకున్నప్పుడు నేనూ పడుకుంటే ఇక నేను మేలుకునేది ఎప్పుడే, అని.

మిగతావాళ్లు పకపకా నవ్వి నోళ్లు మూసుకున్నారు. ప్రహరీ మీంచి తొంగిచూశాను. అవతలి పెరట్లో అప్పడాలు. దాని అవతల ఖాఖ్రాలు. సందు సందంతా మేలుకునే ఉంది.

రాజ్‌కోట్ పడుకోదు. రాజ్‌కోట్‌లో మగాళ్లు పడుకుంటారు. ముప్ఫై ఒక్కేళ్లొచ్చాయి, ఈ ఇంట్లోనే పెరిగి, ఇది తెలియకుండా ఆడవాళ్ల మీద సినిమా తీశాను నేను. చెంప మీద కొట్టుకోవాలనిపించింది.

రేపు సినిమాకి రండి అన్నాను. మగాళ్లు లేచేలోపు వచ్చేయొచ్చు.

ఏప్రిల్ 28, సోమవారం

వచ్చారు! పప్పా గురక మొదలయ్యాక చెప్పులు చేత్తో పట్టుకుని గేటు దాటారు. భానుమాసీ దారి పొడుగునా నవ్వుతూనే ఉంది.

ఆటోలో మమ్మీ చెప్పింది. చిన్నప్పుడు వాళ్ల ఊళ్లో గుడారం వేసి పిక్చర్ ఆడించేవాళ్లట. నేల మీద గోనెపట్టా పరుచుకుని కూర్చునేదట. పెళ్లయి రాజ్‌కోట్ వచ్చాక గుజరాతీ పిక్చర్ అంటే పప్పా వెక్కిరించారట, మళ్లీ అడగలేదట. హిందీవి చాలా చూపించారులే అంది. పప్పాని వెనకేసుకురావడం మాత్రం మానదు.

హాల్లో వాళ్లు సినిమా చూడలేదు. సినిమాతో మాట్లాడారు. లలిత గేరు తప్పు వేస్తే, క్లచ్చి తొక్కవే తల్లీ, అని భానుమాసీ అరిచింది. మాసీకి సైకిలు కూడా రాదు. లలిత అత్తగారు మా కాఠియావాడీ యాసలో ఒక తిట్టు తిడితే మమ్మీ నోటికి పమిట అడ్డం పెట్టుకుంది. ఇదేంటే, మా అత్తగారి తిట్టు తెర మీదికొచ్చిందీ, అంది. బొంబాయిలో నేను రాసినవాళ్లెవరూ ఇలా తిట్టలేదు. వాళ్ల వంటిళ్లలో మనుషులు మాట్లాడేవాళ్లు కాదు, డైలాగులు చెప్పేవాళ్లు. నాకు కళ్లనీళ్లు ఆగలేదు. ఆపలేదు కూడా.

కారు ఆట్‌కోట్ చేరబోతోంది. ఐదుగురూ ఒక్కసారిగా లేచారు.

ఏమిటి, ఎక్కడికి అన్నాను. టైమైంది, నాలుగింటికి టీ పెట్టొద్దూ, అంది మమ్మీ. ఇంకా ఇరవై నిమిషాలే అన్నాను. ఇంటికొచ్చాక చెబుదువుగాని అంటూ మెట్లు దిగిపోయింది.

చెప్పలేదు. పొద్దుపోయేదాకా అడిగింది. చెప్పను.

ఏప్రిల్ 29, మంగళవారం

హాలు సగం నిండింది. మమ్మీ నోరు మైకు కంటే మేలు. ఆసక్తి కొద్దీ మమ్మీ వాళ్లూ మళ్లీ వచ్చారు.

మళ్లీ అదే వేళకి అందరూ లేచారు. బడి గంట కొట్టినట్టు. తెర మీద లలిత ఒక్కతే, హాల్లో నేను ఒక్కదాన్ని.

బాపు మీసం చాటున నవ్వారు. క్లైమాక్స్‌కి ఖాళీ అయ్యే హిట్టుని మొదటిసారి చూస్తున్నాను బెన్ అన్నారు. తర్వాత అసలు మాట చెప్పారు. రెండో వారం ఇస్తారట. కానీ ఎలాగూ ఎవరూ ఉండరు గనక ఆ చివరి ఇరవై నిమిషాలు కోసేస్తే, హిందీ సినిమాని ముందే వేసుకుంటారట. పరాగ్‌భాయ్‌కి అప్పటికే ఫోన్ చేసేశారు. పరాగ్‌భాయ్ అహ్మదాబాద్‌లో ఎడిటర్‌ని కూర్చోబెట్టేశారు. ఆవిడ కారేసుకుని వెళ్తుంది, అక్కడితో ఆపేద్దాం, అందరికీ హ్యాపీ, అన్నారు.

ఎవరికి హ్యాపీ? ఎక్కడికీ చేరని కారు ఎవరికి కావాలి?

కొయ్యను అన్నాను. రేపు వాళ్లు చివరిదాకా కూర్చుంటే ఉన్నది ఉన్నట్టే రెండో వారం వేస్తారా అని అడిగాను. బాపు నన్ను ఎగాదిగా చూసి, నాలుగింటికి రాజ్‌కోట్ ఆడవాళ్లని కూర్చోబెడతారా, చూస్తాను, అన్నారు.

ఏప్రిల్ 30, బుధవారం, పొద్దున

వంటింట్లో యుద్ధం. లలిత వెనక్కి తిప్పేసింది, ఎంతైనా సంసారి మనిషి, అని భానుమాసీ. వెళ్లే ఉంటుంది, అంత దూరం వెళ్లి వెనక్కి ఎందుకొస్తుంది, అని మమ్మీ. అప్పడాల కర్ర ఊపుతూ అంది.

చివరి సీన్ కోసేయమంటున్నారని చెప్పాను. మమ్మీ కర్ర కింద పెట్టింది.

ఫ్లాస్కులో టీ పోసి ఉయ్యాల పక్కన పెట్టి రా, అని భానుమాసీ సలహా. మమ్మీ అటక మీంచి ఫ్లాస్కు దింపింది. కడిగింది. తుడిచింది. చాలాసేపు చేత్తో పట్టుకుని నిలబడింది. మళ్లీ అటకెక్కించేసింది.

అదే రోజు, సాయంత్రం ఆరు



ఆటకి ముందు తెర దగ్గర నిలబడి ఒకే మాట చెప్పాను. అయిపోయేసరికి నాలుగూ పది అవుతుంది, మీ ఇష్టం, అన్నాను. మా ఇళ్లు నువ్వొచ్చి చక్కబెడతావా అని ఎవరో అరిచారు. నవ్వులు. హాలు నిండా ఆడవాళ్లే. తలుపు దగ్గర బాపు, చేతులు కట్టుకుని.

ఆ వేళ రానే వచ్చింది. ముందు వరసలో కొందరు లేచారు. తర్వాత వెనక. భానుమాసీ సంచీ సర్దుకుని లేచి, మమ్మీ వైపు చూసింది. మమ్మీ తెర వైపే చూస్తోంది. కూర్చో భానూ, అడ్డం, అంది.

భానుమాసీ కూర్చుంది. వెళ్లేవాళ్లు కొందరు వెళ్లిపోయారు. మెట్ల మీద నిలబడ్డవాళ్లు కొందరు అక్కడే కూలబడ్డారు.

సరిగ్గా నాలుగింటికి చీకట్లో ఫోన్లు వెలిగాయి. ఒకటి, మరొకటి, తర్వాత వరసంతా. ఒళ్లో వెలుగుతూ, వణుకుతూ. టీ లేకుండా లేచిన రాజ్‌కోట్ అంతా ఫోన్ చేస్తోంది. ఒకావిడ ఫోన్ బోర్లించింది. ఇంకొకావిడ పమిట కప్పింది. హాలు మళ్లీ చీకటైంది. తెర మీద లలిత ఇంజన్ ఆపింది.

మమ్మీ ఫోన్ మోగలేదు. లేపేవాళ్లు లేరు గనక పప్పా ఇంకా నిద్రపోతూనే ఉంటారు.

లైట్లు వేశాక కూడా ఎవరూ లేవలేదు. బాపు తలుపు దగ్గర లేరు. ముందు వరసలో చివరి కుర్చీలో ఉన్నారు.

ఇంటికొచ్చేసరికి పప్పా ఉయ్యాల మీద కాళ్లు వేలాడేసుకుని కూర్చున్నారు. జుట్టు రేగిపోయి, కొట్టు తీయకుండా, తప్పిపోయిన మనిషిలా. ఎక్కడికెళ్లావు రసిలా అన్నారు. పిక్చర్‌కి, అంది మమ్మీ. గుజరాతీ పిక్చర్‌కి. మీ కూతురిది.

మమ్మీ టీ పెట్టి తెచ్చింది. టీ తాగుతూ తాగుతూ, ఏముంది అందులో, అన్నారు. మమ్మీ మొదటి నుంచీ చెప్పింది, అత్తగారి తిట్టుతో సహా. ఆయన నవ్వారు కూడా. ఆట్‌కోట్ దాకా చెప్పి కప్పులు తీసుకుని లేచింది.

తర్వాత, అన్నారు పప్పా.

టికెట్ కొనుక్కుని చూడండి, అంది.

మే 1, గురువారం

రెండో వారం. బాపు ఇచ్చేశారు, రేపటి నుంచి అదే ఒకటిన్నరకి. ఒక్క ఫ్రేము కూడా కొయ్యలేదు.

మే 2, శుక్రవారం

పప్పా భోంచేసి చొక్కా మార్చుకున్నారు. ఉయ్యాల వైపు చూడలేదు.

హాల్లో అంతమంది ఆడవాళ్లలో ఆయనొక్కరే మగాడు. ఇంటర్వెల్ కాకముందే గురక. వెనక వరస కిసుక్కుమంది. లేపబోయాను, మమ్మీ నా చెయ్యి పట్టుకుంది. పడుకోనీ అంది.

కారు ఆట్‌కోట్ చేరింది. మమ్మీ వంగి ఆయన భుజం తట్టింది.

లేవండి, నాలుగైంది.