ఫ్రిజ్ మీద గడియారం

శుక్రవారం, మధ్యాహ్నం భోజనాల వేళ
ల్యాబ్ కౌంటరు దగ్గర్నుంచి

మా ఇంటి చిన్న కోడలికి,

మీ వదిన రాసేది. నువ్వూ పిల్లాడూ బాగున్నారని తెలుసు, మొన్ననే ఫోనులో మీ గొంతులు విన్నాను. ఇక్కడ మేమూ క్షేమమే అని రాయడం మర్యాద. మర్యాదకే రాశాననుకో. అసలు సంగతి చివర్లో చెబుతాను.

ఉత్తరం ఇంటికి కాకుండా నీ కళ్ళద్దాల షాపుకి వచ్చిందేమిటని కంగారుపడి ఉంటావు. ఇంటికి పంపితే ముందు మా తమ్ముడి చేతిలో పడుతుంది. ఫోను చేద్దామంటే నువ్వు స్పీకరు పెడతావు, వాడు పక్కనే కూర్చుని ఉంటాడు. పైగా ఫోనులో నేను రెండు నిమిషాలకే మెత్తబడిపోతాను, నువ్వేమో "సరే వదినా" అనేస్తావు. మనిద్దరి సంగతీ నాకు తెలియనిదా? అందుకే కాగితం పట్టుకున్నాను. రేపు మధ్యాహ్నంలోగా నీ చేతికే ఇస్తానని కొరియరు అబ్బాయి ఒట్టేసి మరీ చెప్పాడు. సోమవారం పొద్దున్నే బ్యాంకు వాళ్ళు కాగితాలు పట్టుకుని మీ ఇంటికి వస్తారట కదా. వాళ్ళు వచ్చేలోగా ఇది నువ్వు చదవాలి. ఉదయం నుంచీ నాకు అదే గుబులు.

మీ నాన్నగారు నీ పేర రాసిచ్చిన ఇంటిని తాకట్టు పెట్టి, పైన ఒక అంతస్తు లేపి అద్దెకిద్దామన్నది వాడి మాట. ఇల్లు నీ పేర ఉంది కాబట్టి నీ సంతకం లేనిదే పని జరగదు. నువ్వేమో నెల రోజులుగా నాన్చుతున్నావు. వాడికి కాలు నిలవడం లేదు. రోజూ ఫోను చేసి నా ప్రాణం తీస్తున్నాడు. నిన్న కూడా అదే పాట.

"నీ మాటంటే తనకి గురి అక్కా. నువ్వొక్క ఉత్తరం రాస్తే చాలు, పెట్టేస్తుంది."

రాశాను. నిన్ననే, వాడు చెప్పమన్నవన్నీ రాశాను. అద్దె ఎంత వస్తుందో, ఆ అద్దెతోనే ఈఎంఐ ఎలా తీరిపోతుందో, పిల్లాడు పెద్దయ్యేసరికి రెండంతస్తుల ఇల్లు ఎలా చేతిలో ఉంటుందో, అంతా. బాగా కూడా రాశాను. చదువుకుంటే నాకే వచ్చి సంతకం పెట్టాలనిపించింది. అప్పుడు భయమేసింది. దాన్ని చించి బుట్టలో పడేసి ఇది మొదలుపెట్టాను.

పోయిన నెల నువ్వు ఫోనులో ఒక మాట అడిగావు. "నువ్వైతే పెడతావా వదినా?" అన్నావు. కౌంటరు దగ్గర జనం ఉన్నారని చెప్పి ఫోను పెట్టేశాను. ఆ వేళ కౌంటరు దగ్గర పురుగు కూడా లేదు. మా ల్యాబులో ఒక రూలుంది. రిపోర్టు కవరు చేతికిచ్చేటప్పుడు "డాక్టరుగారికి చూపించండి" అనడం తప్ప ఇంకో ముక్క మాట్లాడకూడదు, లోపల ఏముందో మాకు తెలిసినా సరే. ఏళ్ళ తరబడి అదే అలవాటైపోయి, సొంత మనుషులతో కూడా కవరు అంటించి కూర్చున్నాను. ఇవాళ విప్పుతున్నాను, ఓపిగ్గా చదువు.

నువ్వు మా ఇంటికి మొదటిసారి వచ్చినప్పుడు పకపకా నవ్విన సంగతి గుర్తుందా? గడియారం ఫ్రిజ్ మీద ఉంది. నిలువుటద్దం నేలమీద గోడకి ఆనించి ఉంది. మా అమ్మాయి ఫొటోలన్నీ ఒక కుర్చీలో కూర్చున్నాయి. మీరు ఇంట్లో దిగుతున్నారా, ఖాళీ చేస్తున్నారా వదినా అని ఆటపట్టించావు. గోడలు గుల్ల, మేకు నిలవదు అని ఏదో చెప్పి తప్పించుకున్నాను. గోడలు గట్టివే. మేకులు కొట్టకపోవడం మీ అన్నయ్య పెట్టిన నియమం.

లిఫ్టులు బాగుచేసే మనిషి కదా, ఆయన బుర్రలో ఏదైనా అంతస్తుల లెక్కనే పైకి పోతుంది. అప్పు ఇరవై ఏళ్ళకి. ఇంట్లో గదులు నాలుగు. అంటే అయిదేళ్ళకొక గది మనదవుతుందని తేల్చారు. వంతు రాని గదికి మేకు కొట్టకూడదు. బ్యాంకు గోడకి మనం చిల్లు పెట్టడమేమిటి అనేవారు. నాకూ ఆ లెక్క ముద్దొచ్చింది. పిల్లకి కూడా అదే నేర్పాం. అది ముందుగదిలో గోడమీద పెన్సిలు గీత గీస్తే, "అయ్యో, బ్యాంకు అంకుల్ తిడతాడు" అని తనే రబ్బరు పెట్టి తుడిచేది.

అయిదేళ్ళకి వంటిల్లు మాదైంది. ఆయన స్టూలెక్కి మేకు కొట్టి గడియారం తగిలించారు. ఆ రోజు కూర తరుగుతూ ఎన్నిసార్లు తలెత్తి టైము చూసుకున్నానో లెక్కలేదు. పదేళ్ళకి పడగ్గది. అద్దం గోడకెక్కింది. సగం ఇల్లు మనది అంటూ ఆయన అందులో చూసుకుని మీసం దువ్వుకున్నారు.

ఈ మధ్యలో బ్యాంకు నుంచి అప్పుడప్పుడూ ఉత్తరాలు వచ్చేవి. వడ్డీ రేటు పెరిగింది, మీ ఈఎంఐలో మార్పు లేదు అని. మేము ఆ రెండో ముక్క చదివి పొంగిపోయేవాళ్ళం. వాళ్ళకి పెరిగిందట, వీళ్ళకి పెరిగిందట, మనకి మాత్రం పెరగలేదని సంబరం. ఒకసారైతే ఆ సంతోషంలో ముగ్గురం హోటలుకి కూడా వెళ్ళొచ్చాం. ఈఎంఐ పెరగలేదు సరే, మరి పెరిగిన వడ్డీ ఎక్కడికి పోయినట్టు? ఆ ప్రశ్న ఇద్దరిలో ఒక్కరికీ తట్టలేదు. అది ఏళ్ళ రూపంలోకి మారి మా అప్పు చివర చేరుతోంది. ఆ సంగతి కూడా అదే ఉత్తరంలో కింద ఉంది. అంత కిందకి మేమెప్పుడూ దిగలేదు.

పోయినేడు లిఫ్టు గుంతలో మీ అన్నయ్య భుజానికి దెబ్బ తగిలింది కదా, అప్పుడు కంపెనీ కొంత డబ్బిచ్చింది. సగం అప్పు తీరిపోయింది, మిగతా దాంట్లో ఇది కొంత జమ చేద్దామని బ్యాంకుకి వెళ్ళాం. అక్కడి అమ్మాయి కంప్యూటరు మావైపు తిప్పి చూపించింది. నీకు సులువుగా ఉంటుందని వంద లెక్కన చెబుతాను. మేము తీసుకున్నది వంద అనుకో. పదేళ్ళలో కట్టింది నూట నాలుగు. ఇంకా ఎంత ఉండాలి? మా లెక్కలో యాభై. ఆ తెర మీద ఎనభై అయిదు ఉంది.

ఆయన మళ్ళీ చూడమన్నారు. ఆ అమ్మాయి పాపం మళ్ళీ చూసింది. మొదటి ఏళ్ళలో మనం కట్టేదాంట్లో ముప్పాతిక పైన వడ్డీకే పోతుందట, అసలుకి చేరేది చిటికెడు. రేటు పెరిగిన ఏడాది ఆ చిటికెడు కూడా లేదు. ఇంకా పదేళ్ళే కదా అన్నాను నేను. పదేళ్ళు కాదండీ, దాదాపు పదహారు అంది. అన్నీ కలిపితే వందకి రెండు వందల అరవై ఏడు కడతాం. రేటు ఎప్పటికీ పెరగకపోయినా రెండు వందల ఎనిమిది అయ్యేదట, ఆ అంకె మొదటి రోజు మేము సంతకం పెట్టిన కాగితంలోనే ఉంది. మమ్మల్ని ఎవరూ మోసం చెయ్యలేదు. ఆ రోజు బ్యాంకు కుర్రాడు "నెలకి ఇంతే కదండీ" అన్నాడు, మేము నెల దగ్గరే ఆగిపోయాం. మొత్తం ఎంత అని అడగాలని కూడా తెలియలేదు. సిగ్గుతో చచ్చిపోయాననుకో.

ఇంటికొచ్చాక మీ అన్నయ్య వంటింట్లో నిలబడి గోడలకేసి చూశారు. వందలో తీరింది పదిహేను, గదికి పాతిక. అంటే ఒక్క గది కూడా మాది కాదు. వంటింట్లో సగం మీద కాస్త. పొయ్యి దాకా మనది, సింకు వాళ్ళది అని నవ్వారు. ఆ నవ్వు నాకు నచ్చలేదు. గడియారం సింకు వైపు గోడకి ఉంది. దాన్ని ఒంటిచేత్తో తీసి మళ్ళీ ఫ్రిజ్ మీద పెట్టారు.

ఇప్పుడు నీ సంగతికి వస్తాను. మా తమ్ముడు నీకు నెలకి ఎంతో చెప్పాడు. మొత్తం ఎంతో చెప్పాడా? వాడికిప్పుడు నలభై రెండు. ఇరవై ఏళ్ళ అప్పంటే అరవై రెండు. మాకు సాగినట్టు సాగితే అరవై ఎనిమిది. అద్దెకున్నవాళ్ళు ఖాళీ చేసి, కొత్తవాళ్ళు దొరికేలోగా గడిచే నెలల్లో ఈఎంఐ ఆగుతుందా? రేటు పెరిగితే పెరిగేది నెలనెలా కట్టేదా, ఏళ్ళా? సోమవారం వచ్చేవాళ్ళ చేత ఈ జవాబులు కాగితం మీద పెట్టించకుండా పెన్ను మూత కూడా తియ్యకు. నీ షాపులో బోర్డు మీద పైవరుస పెద్ద అక్షరాలు అందరూ గడగడా చదివేస్తారు. చివరి వరుస చదివించిందాకా నువ్వు వదలవు కదా. ఇక్కడా అదే చెయ్యి.

అడిగితే వాడికి కోపం వస్తుంది. నామీద నమ్మకం లేదా అంటాడు, అన్నం మానేస్తాడు, తలుపు విసిరేస్తాడు. చిన్నప్పటి నుంచీ అంతే, రెండో పూటకి ఆకలేసి దారికొస్తాడు. నమ్మకం వేరు, లెక్క వేరు అని చెప్పు. నేనే అడగమన్నానని కూడా చెప్పు. నాతో మాట్లాడడం మానేస్తాడు. మానేస్తే మానేయనీ. నాకు బాధే, కాదనను. కానీ నువ్వు రేపు ఫ్రిజ్ మీద గడియారం పెట్టుకుని కూర్చోవడం కన్నా అది నయం.

నువ్వడిగినదానికి నా జవాబు: నేనైతే పెట్టను. నువ్వూ పెట్టకు.

నీ మేలు తప్ప ఇంకేమీ కోరని,
వదిన

తా.క. కవరు అంటించబోయి ఆగాను. సగం చెప్పి పంపితే ఇదీ ల్యాబు కవరే అవుతుంది.

ఆ పై అంతస్తు లేదు. నీ ఇంటి మీద తెచ్చే డబ్బు మా బాకీ తీర్చడానికి. మీ అన్నయ్య మళ్ళీ పనిలోకి వెళ్తున్నారని నీకు చెప్పింది అబద్ధం. ఆ చెయ్యి భుజం దాటి లేవడం లేదు. కంపెనీ ఇచ్చింది మందులకీ తిండికీ అయిపోయింది. ఆరు నెలలుగా ఈఎంఐ కట్టలేదు. ఈ నెలాఖరులోగా కట్టకపోతే ఇల్లు వేలం వేస్తామని నోటీసు వచ్చింది. అది చూసి మా తమ్ముడు వెక్కివెక్కి ఏడ్చాడు. ఏడ్చి లేచి ఈ మేడ కట్టాడు. చెబితే నువ్వు భయపడతావని, తర్వాత నిదానంగా చెప్పుకుంటానని అన్నాడు. నేను వద్దనలేదు. నెలంతా ఆశపడ్డాను, దాచను. వాడి మీద కోప్పడు, బాగా కోప్పడు, కానీ వదిలెయ్యకు. వాడు దొంగ కాదు, అక్క పిచ్చోడు.

మీ అన్నయ్యకి ఈ సంగతి నిన్న రాత్రే తెలిసింది. ఒకటే మాట అన్నారు. "మన గోడ నిలబెట్టుకోడానికి ఆ పిల్ల వాళ్ళ నాన్న ఇల్లు తాకట్టు పెడతామా?"

మేమే అమ్మేస్తున్నాం, పక్కింటివాళ్ళు ఎప్పటినుంచో కొంటామంటున్నారు. బాకీ పోగా కాస్త మిగులుతుంది, వేలానికి పోతే అదీ ఉండదు. సోమవారం పొద్దున నీ ముందు కాగితాలు పెట్టే వేళకి మేమిక్కడ అగ్రిమెంటు మీద సంతకం పెడుతుంటాం. వాడికి ఇంకా తెలియదు. తెలిస్తే రేపే నీ కాళ్ళు పట్టుకుంటాడు, నువ్వు కరిగిపోతావు. అందుకే ముందు నీకు రాశాను.

ఇవాళ పొద్దున్నే అద్దెకి రెండు గదుల ఇల్లు చూశాం. అడ్వాన్సు ఎంతని కూడా అడక్కుండా, గోడలకి మేకులు కొట్టుకోవచ్చా అని అడిగారు మీ అన్నయ్య. ఎన్ని కావాలంటే అన్ని కొట్టుకోండి అంది ఇంటావిడ. ఆయన చెయ్యి అంత ఎత్తుకి లేవదు కాబట్టి సుత్తి నేనే పడతాను. దిగిన రోజే గడియారం తగిలిస్తాను. వచ్చి చూడు.