పెడనలో దొరికిన సాక్షి

ఆదివారం, బందరు

కంపెనీ వాళ్ళ కాలంలో పెడన నేత పనివారు తెల్ల కలెక్టరు మీద తిరగబడ్డారని నా థీసిస్‌లో రాశాను. "ఆధారం ఏదమ్మా?" అంటారు మా గైడుగారు. పాత రికార్డుల్లో ఎంత వెతికినా ఆ ముక్క లేదు. అందుకే ఇవాళ పెడన వెళ్ళి, కలంకారీ అద్దకం చేసే వీరాస్వామిగారిని కలిశాను. ఎనభై దాటిన మనిషి. అడగడమే ఆలస్యం, ఆడవాళ్ళు మగ్గం కర్రలు పట్టుకుని తరిమితే కలెక్టరు టోపీ వదిలేసి పారిపోయిన వైనం కళ్ళకు కట్టినట్టు చెప్పారు. నాకు ఒళ్ళు పులకరించింది.

"ఇదంతా మీ తాతగారు చెప్పారాండీ?"

"తాత కాదమ్మా, మా కోడలు ఫోన్లో చూపించింది. ఎవరో మేడమ్ బందరు కాలేజీలో మాట్లాడింది. టోపీ సంగతి మాత్రం నేనే కలిపాను."

ఆ మేడమ్ నేనే. అప్పుడు కూడా "జరిగి ఉండవచ్చు" అనే అన్నాను. సిగ్గుపడుతూనే ఆయనకు చెప్పేశాను.

ఆయన ముఖం వెలిగిపోయింది. "మీరేనా! అయితే నిజమే అన్నమాట. ఇన్నాళ్ళూ నాకు కాస్త అనుమానంగానే ఉండేది."

నేను బస్సెక్కేలోపే ఆయన వీధంతా చెప్పేశారు. ఇంటికొచ్చి థీసిస్‌లో ఆ పేరా కొట్టేశాను. పెడనలో ఎలా కొట్టేయాలో మరి...