లేని రోజున విత్తిన చేను

1982 మే 30
ఇవాళ తిట్లు తిన్నాను. నీళ్ల దగ్గర పన్నెండయిందే అన్నందుకు. కోట మనిషి తిప్పయ్య విన్నాడు. పన్నెండని చెప్పేదానికి నువ్వెవతివి, గంట ఇంకా కొట్టలేదు కదా అన్నాడు.
ఈ ఊళ్లో టైమంతా కోటవాళ్లది. గడియ దొరలంటారు. కోట మీద గంట మోగితేనే పొద్దు పుట్టినట్టు, కూలి దిగినట్టు. పెళ్లికి ముహూర్తం, పీనుగను లేపడానికి వేళ, అన్నీ వాళ్లే ఇవ్వాలి. ఎవరింట్లోనూ గడియారం ఉండకూడదు. రెండేళ్ల కింద నేను కాపురానికొచ్చిన వారమే నా వాచీ పట్టుకుపోయారు. గార్లదిన్నెలో మా నాయనకు ఈ ఏడాది ఎరువుల షాపువాడిచ్చిన ఈ డైరీ మాత్రం పెట్టె అడుగున దాచుకున్నాను. ఇందులో తేదీలు ముందే అచ్చేసి ఉన్నాయి. వీటిని ఏ దొరా మార్చలేడు.

జూన్ 8
పంచాంగంలో మృగశిర కార్తె వచ్చేసింది. ఊరికి రాలేదు. దొర గంట కొట్టించి కార్తె తెరిస్తే తప్ప ఎవరూ విత్తే గొర్రు బయటికి తియ్యకూడదు. చుక్క వాన లేదు కాబట్టి ఎవరికీ తొందర లేదు.
అటక మీద మూడు మూటల శనక్కాయ విత్తనం ఉంది. రెండేళ్లుగా పంట లేదు. నా గొలుసు అమ్మి కొన్న విత్తనం ఇది. ఇదీ పోతే ఊరు విడిచి కూలికి పోవడమే. మా ఆయన రోజూ అటక ఎక్కి మూటలు తడిమి దిగుతాడు.

జూన్ 11
పెద్ద దొర చచ్చిపోయాడు. గంట నాలుకకు గుడ్డ చుట్టారు. కాలం ఆగిపోయిందట.

జూన్ 11, సాయంత్రం
మా అత్త నల్లమ్మ విడమర్చి చెప్పింది. కొడుకు వచ్చి గంట తాకేదాకా నడిచే రోజులు లేనట్టే లెక్క. పనిముట్టు పట్టుకుని ఎవరూ గడప దాటకూడదు. కొడుకు బెంగళూరులో యాడో ఉండాడంట, వచ్చినప్పుడే మనకు తెల్లారేది అంది. పోయినసారి ఎన్నాళ్లు పట్టిందని అడిగాను. లేని దినాలకు లెక్క యాడిది ఏమ్మే అని కసిరింది.
గడప దాటితే కాలం కోస్తారట. ఆ ఇంటివాళ్లకు నీళ్ల వంతు ఉండదు, కూలి ఉండదు, చస్తే లేపడానికి వేళ కూడా దొరకదు.

జూన్ 12
వాన.

జూన్ 12, మళ్లీ
ఒకటే వాన. వంకలు పారుతున్నాయి. ఊరంతా గడపల్లో కూర్చుని చూస్తోంది. పక్కింటి చెన్నమ్మ తన గుమ్మంలోంచే, ఇట్లా పదును ఎన్నాళ్లకు చూసినామే కదిరమ్మా, చూస్తా కూకోవాల్సిందేనా అని ఏడ్చింది. నాకూ ఏడుపొచ్చింది. ఏడుపు కంటే కోపం ఎక్కువొచ్చింది.

జూన్ 14
గాలి లేచింది. మా ఎర్ర నేలలో తడి నాలుగు రోజులు నిలిస్తే గొప్ప. చిన్న దొర జాడ లేదు.
మన చేను గుట్ట వెనక ఉంది, ఎవరికీ కనబడదు, పోదాం పద అని మా ఆయన్ని బతిమాలాను. మా తాతలు చేయని పని నేను చేసి యాడ బతకాల అన్నాడు. చేతకానివాడివని తిట్టాను. గోడవైపు తిరిగి పడుకున్నాడు. నాకు జాలి కూడా వెయ్యలేదు.

జూన్ 15
విత్తేశాం.
మధ్యాహ్నం ఊరంతా కునుకు తీస్తుంటే మా అత్త లేచి ఎద్దుల మెళ్లో గజ్జెలు విప్పింది. ఎద్దుల్ని నేను తోల్తా, నువ్వు ఇత్తనం పొయ్యి, నోరు మాత్రం తెరవద్దు అంది. రెండేళ్లలో నన్ను ఒక్క మంచి మాట అనని మనిషి. ఆడది గొర్రు తోలకూడదంటారు కదా అన్నాను. లేని దినంలో ఎవురు తోల్తే ఏమే అంది. నవ్వు ఆపుకోలేకపోయాను. చాళ్లు వంకర్లు పోయాయి. నేలలో చెయ్యి పెడితే ఇంకా చల్లగానే ఉంది.
ఇంటికొచ్చేసరికి మా ఆయన మా కాళ్లకు నీళ్లు పెట్టి కూర్చున్నాడు.

జూన్ 19
చిన్న దొర జీపులో దిగి గంట తాకాడు. ఇవాళ జూన్ పదకొండు అని చాటింపు వేయించాడు. ఆ నోటితోనే కార్తె కూడా తెరిచాడు. ఊరంతా గొర్రు కట్టింది. తడి ఎప్పుడో పోయింది. అయినా, గంట మోగినాక వాన రాకపోతాదా అని చెన్నమ్మ మొగుడు శివప్ప ఉన్న విత్తనమంతా పోసేశాడు. మా ఆయన కూడా అందరిలాగే గొర్రు కట్టుకుని పోయి, గుట్ట వెనక ఊరికే కూర్చుని వచ్చాడు.

జూలై 1
వాన రాలేదు. ఊళ్లో ఎవరిదీ మొలవలేదు. విత్తనమంతా చీమల పాలు. మాదొక్కటే పచ్చగా ఉంది. ఎవరైనా గుట్ట వైపు నడిస్తే చాలు, భయమేస్తోంది.

జూలై 3
తిప్పయ్య చేను చూసి పోయాడు. గంటకల్లా ముగ్గుర్నీ కోటకు పిలిపించారు.
చిన్న దొర మా ఈడువాడే. నెమ్మదిగా మాట్లాడాడు, అందుకే ఎక్కువ భయమేసింది. మీరెప్పుడు విత్తినారో నాకు తెలుసు అన్నాడు. లేని దినాల్లో విత్తింది కోటది, రేపే దున్నించేస్తా అన్నాడు. మా ఆయన దొర కాళ్ల మీద పడ్డాడు. అప్పుడు దొర అసలు మాట బయటపెట్టాడు. నా గంట మంచిది కాదని ఊరు గొణుగుతాండాది. రేపు అందరి ముందర, మేమూ దొర తెరిచిన దినమే విత్తినామని చెప్పండి, చేను మీదే అన్నాడు. మొగోడి మాట చాలదు, ఇత్తనం పోసిన చెయ్యే చెప్పాల అన్నాడు.
అంటే నేను.
ఇంటికొచ్చాక మా అత్త చెప్పమనలేదు, వద్దనలేదు. అన్నం పెట్టుకుని తినకుండా లేచింది. మా ఆయన మాత్రం నీ కాళ్లు పట్టుకుంటానన్నాడు.

జూలై 4
చెప్పాను. ముసలివాళ్లు గంటకు మొక్కారు.

ఆగస్టు 9
మొన్న జల్లు పడింది. మా చేనుకు కాయ పట్టే ఊడలు దిగుతున్నాయి.
చెన్నమ్మవాళ్లు ఇవాళ కూలి పనికి బెంగళూరు లారీ ఎక్కారు. ఎక్కే ముందు చెన్నమ్మ వచ్చి, ఇద్దురమూ ఒకే దినం విత్తినాం కదా కదిరమ్మా, మేమేం తప్పు చేసినామే అని అడిగింది. శివప్పన్న గొర్రు లోతుగా దించుంటాడులే అన్నాను.
అవునేమో అని, లారీ కదిలేదాకా మొగుణ్ణి తిడుతూనే ఉంది.